43 అంగుళాల టీవీకి మూడు పాత కన్సోళ్లు: బరంపురం ప్రాజెక్టు డైరీ

మూడు పాత వీడియో గేమ్ కన్సోళ్లని కొత్త టీవీకి కలిపి, బొమ్మ శుభ్రంగా, తక్కువ ఆలస్యంతో రప్పించిన కథ ఇది. ముందు సామాను చెప్పేస్తాను, మీ దగ్గరున్నది వేరైతే కొన్ని దశలు మీకు అక్కర్లేదు. టీవీ 43 అంగుళాల 4కే ఎల్‌ఈడీ. హెచ్‌డీఎంఐలు మూడున్నాయి, పాత పసుపు-తెలుపు-ఎరుపు సాకెట్లు లేవు, వాటి బదులు వెనకాల ఒకే ఒక 3.5 ఎంఎం ఏవీ రంధ్రం. కన్సోళ్లు మూడు: పసుపు కేసెట్లు పెట్టే, నింటెండో ఫామికామ్‌కి నకలు (ఇళ్లల్లో ఉత్త 'వీడియో గేమ్' అనేవాళ్లం చూడండి, అదే), సెగా వాళ్ల పాల్ (సెకనుకి 50 బొమ్మల టీవీ పద్ధతి) మెగా డ్రైవ్ 2, ప్లేస్టేషన్ 2 స్లిమ్. పనిముట్లు మల్టీమీటర్, 25 వాట్ల సోల్డరింగ్ ఐరన్, సెకనుకి 240 ఫ్రేములు తీసే ఫోను. ఉండేది బరంపురంలో కాబట్టి విడిభాగాల్లో సగం గిరి రోడ్డు, బడాబజారు షాపుల్లో దొరికాయి, మిగతావి ఆన్‌లైన్‌లో తెప్పించాను.

ఎవర్ని అడిగినా 'మంచి అప్‌స్కేలర్ ఒకటి కొనెయ్' అంటారు, అంటే చిన్న బొమ్మని పెద్ద తెరకి సరిపడా పెంచే పెట్టె. అలాంటిదే రెట్రోటింక్ 4కే 2023లో వచ్చింది, అప్పటి ధర 750 డాలర్లు, కస్టమ్స్ అదనం. మంచి పెట్టే, కాదనను. కానీ నా కన్సోళ్లలో రెండింటి బొమ్మ టీవీకి చేరకముందే పాడవుతోందని కొలిచాక తేలింది, అలాంటి బొమ్మని ఎంత ఖరీదైన పెట్టెలోంచి పంపినా అదే దరిద్రం పెద్ద సైజులో కనిపిస్తుంది. అందుకే ఇక్కడ కేబుళ్లు, అడాప్టర్ల గోల ఎక్కువ.

దశ 1: ఏవీ రంధ్రం

టీవీతో పాటు రావాల్సిన ఏవీ కేబుల్ డబ్బాలో లేదు. గిరి రోడ్డులో రూ. 120 పెట్టి కొన్న 3.5 ఎంఎం కేబుల్ పెడితే నలుపు తెలుపు బొమ్మ, అదీ కిందికి జారుతూ, స్పీకర్లో గుర్రుమని మోత. కన్సోల్ పోయిందనుకుని విప్పేసేవాళ్లు ఇక్కడే ఎక్కువ. కన్సోల్ బాగానే ఉంది. ఈ ప్లగ్గుకి నాలుగు భాగాలుంటాయి: మొన, రెండు వలయాలు, మొదలు. ఏ భాగంలో వీడియో, ఏ భాగంలో గ్రౌండ్ అన్నదానికి అందరూ ఒప్పుకున్న పద్ధతి లేదు. నా టీవీకి గ్రౌండ్ మొదలు దగ్గర కావాలి, కొన్న కేబుల్‌లో అక్కడ వీడియో ఉంది.

కొనేముందు షాపులోనే ఇలా చూసుకోండి:

1. మల్టీమీటర్‌ని కంటిన్యూటీలో (తీగ కలిసుంటే బీప్ అనే మోడ్) పెట్టి, పసుపు ఆర్‌సీఏ (కేబుల్ అవతలి రంగు కొస) నడిమి పిన్ను ప్లగ్గులో ఏ భాగానికి వెళ్తోందో పట్టండి.
2. మూడు ఆర్‌సీఏల బయటి వలయాలూ ప్లగ్గులో ఒకే భాగానికి రావాలి. అదే గ్రౌండ్.
3. గ్రౌండ్ సరిపోయి వీడియో మాత్రమే తారుమారైతే కేబుల్ పారేయక్కర్లేదు, కన్సోల్ పసుపు వైరుని ఎర్ర దాంట్లోనో తెల్ల దాంట్లోనో పెట్టి చూడండి.
4. గ్రౌండే వేరే చోటికి వెళ్తుంటే ఆ కేబుల్ వద్దు.

రెండో కేబుల్ రూ. 180. రంగులొచ్చాయి. తర్వాతి దశల్లో వెనక్కి రాకుండా టీవీ సెట్టింగులు కూడా ఇక్కడే చెప్పేస్తాను. బొమ్మ కొలత 4:3కి మార్చాలి, లేకపోతే మారియోకి పొట్ట వస్తుంది. ఓవర్‌స్కాన్ (బొమ్మ అంచుల్ని టీవీ కోసేయడం) ఆపాలి, దాన్ని ఒక టీవీలో జస్ట్ స్కాన్ అంటారు, ఇంకోదాంట్లో స్క్రీన్ ఫిట్ అంటారు, మెనూ అంతా తిరగాల్సిందే. షార్ప్‌నెస్ బాగా తగ్గించాలి. నాయిస్ రిడక్షన్, మోషన్ స్మూతింగ్, డైనమిక్ కాంట్రాస్ట్ మూడూ ఆఫ్. గేమ్ మోడ్ ఆన్ చేద్దామంటే నా టీవీలో ఏవీ ఇన్‌పుట్‌కి ఆ ఆప్షన్ బూడిద రంగులో ఉంది, నొక్కుడు పడదు.

ఇవన్నీ చేసినా ఒక జబ్బు పోలేదు. కాంట్రాలో మనవాడు చచ్చి మళ్లీ పుట్టినప్పుడు కాసేపు మిణుకుమిణుకుమంటాడు కదా, ఈ టీవీలో వాడు మిణుకుమనడం మానేసి దువ్వెన పళ్లలా అడ్డగీతలుగా చీలిపోతున్నాడు. కారణం తెలిస్తే తర్వాతి దశలన్నీ అర్థమవుతాయి. మామూలు టీవీ ప్రసారంలో ఒకసారి బేసి గీతలు, తర్వాత సరి గీతలు గీస్తారు, దాన్నే ఇంటర్‌లేస్ అంటాం, 480ఐ అన్నా 576ఐ అన్నా అదే. పాత కన్సోళ్లు ఆ పద్ధతిని మోసం చేసి, ప్రతిసారీ అవే గీతల మీద కొత్త బొమ్మ గీస్తాయి. ఎన్‌టీఎస్‌సీలో (సెకనుకి 60 బొమ్మల పద్ధతి) దాన్ని 240పీ అంటారు, పాల్‌లో 288పీ. పాత డబ్బా టీవీకి తేడా తెలియదు, ఇచ్చింది గీసుకుంటూ పోతుంది. కొత్త టీవీ మాత్రం ఇది ఇంటర్‌లేస్ సిగ్నలే అనుకుని, వరసగా వచ్చిన రెండు బొమ్మల్ని ఒకదాంట్లో ఒకటి అల్లేస్తుంది. ఫ్రేము విడిచి ఫ్రేము కనబడాల్సిన బొమ్మ అందుకే చీలికలవుతుంది. మెనూలో దీనికి మందు లేదు.

ఖర్చు: రూ. 300. మొత్తం: రూ. 300.

దశ 2: ఆలస్యం కొలవడం

ఇచ్ఛాపురం నుంచి మేనల్లుడు వచ్చినప్పుడు వాడి చేతికి ప్యాడ్ ఇస్తే రెండు నిమిషాల్లో అన్నాడు: "మావయ్యా, నొక్కగానే ఎగరట్లేదు వీడు, ఆలోచించుకుని ఎగురుతున్నాడు." వాడికి ల్యాగ్ (నొక్కడానికీ తెర మీద కనబడటానికీ మధ్య ఆలస్యం) అన్న మాట తెలియదు, ఉన్నది మాత్రం కరెక్టుగా పట్టాడు.

కొలవాలంటే పక్కన ఆలస్యం లేని తెర ఒకటుండాలి, అంటే డబ్బా టీవీ. బడాబజారులో ఒక పాత టీవీ రిపేరు షాపుంది, ఆయన ఒడియా ఆయనే కానీ తెలుగు మనకంటే గడగడా మాట్లాడతాడు, నేను భాయినా (ఒడియాలో అన్నయ్య) అంటాను, ఆయన నన్ను బాబూ అంటాడు. 21 అంగుళాల ఫ్లాట్ డబ్బా టీవీ రూ. 800కి ఇచ్చాడు. ఒక మూల ఊదా మరక ఉంది. పోజిస్టర్ అనే చిన్న భాగం పోతే డీగాస్ కాయిల్ (ట్యూబులో అయస్కాంతాన్ని పోగొట్టే తీగచుట్ట) పనిచేయదు, ట్యూబులో అయస్కాంతం మిగిలిపోయి ఆ మరక వస్తుంది. పోజిస్టర్ మార్చడానికి, కూలీతో కలిపి రూ. 150. ఈ పని మీరు చేయకండి. పిక్చర్ ట్యూబు ఆనోడ్ దగ్గర 25 వేల వోల్టుల దాకా ఉంటుంది, ప్లగ్ పీకేసినా చార్జి మిగిలే ఉంటుంది. తెలిసినవాళ్ల చేత చేయించుకోండి.

కొలత ఇలా:

1. మెగా డ్రైవ్ కాంపోజిట్ వైరుకి (పసుపు వీడియో వైరు) ఒకటిని రెండు చేసే వై-స్ప్లిటర్ (రూ. 60) తగిలించి రెండు టీవీలకీ పంపాలి. బొమ్మ మసకబారుతుంది, ఎందుకంటే 75 ఓమ్‌లకి బదులు రెండు 75లు సమాంతరంగా పడతాయి. కొలతకి పర్లేదు, ఆటకి పనికిరాదు.
2. రెండు తెరలూ ఫోనులో పడేలా స్లో మోషన్ తీయాలి.
3. ఒక బొమ్మ నుంచి ఇంకో బొమ్మకి మారే క్షణం డబ్బా టీవీలో ఏ ఫ్రేములో ఉందో, ఎల్‌ఈడీలో ఏ ఫ్రేములో ఉందో చూసి మధ్యలో ఎన్నున్నాయో లెక్కపెట్టాలి. రెండు తెరల మీదా ఒకే ఎత్తులో చూడాలి, తెర పైనుంచి కిందికి గీస్తుంది కాబట్టి.
4. ఒక్కో ఫోను ఫ్రేము 4.17 మిల్లీసెకన్లు.

ఈ పనికి 240పీ టెస్ట్ సూట్ అనే ఉచిత ప్రోగ్రాం బంగారం. మెగా డ్రైవ్‌కి ఫ్లాష్ కేసెట్‌లో వేసుకోవచ్చు. రంగుల పట్టీలు, గ్రిడ్, ల్యాగ్ పరీక్ష అన్నీ అందులోనే ఉన్నాయి.

ఏవీ ఇన్‌పుట్, టీవీ పెట్టెలోంచి తీసినప్పటి సెట్టింగులు: 29 ఫ్రేములు, 121 మిల్లీసెకన్లు.
ఏవీ ఇన్‌పుట్, పైన చెప్పినవన్నీ ఆఫ్ చేశాక: 22 ఫ్రేములు, 92 మిల్లీసెకన్లు.

92 అంటే పాల్ కన్సోల్‌లో నాలుగున్నర ఫ్రేములకి పైమాటే. గోతి అంచున ఎగరాల్సిన ఆటలో ఇది చాలు చావడానికి.

ఖర్చు: రూ. 1,010. మొత్తం: రూ. 1,310.

దశ 3: అడ్డచారలు, ఉప్పు

నకలు కన్సోల్‌లో రెండు మసక చారలు నెమ్మదిగా పైకి పాకుతూ కనిపించేవి. టీవీదే లోపమేమో అని భాయినాకి వీడియో పంపితే ఫోన్ చేసి, "టీవీని తిట్టకు బాబూ, ముందు అడాప్టర్ విప్పు" అన్నాడు. చార కదిలే వేగమే చెబుతుంది అసలు సంగతి. మన కరెంటు 50 హెర్ట్జ్, ఈ కన్సోల్ కూడా సెకనుకి 50 బొమ్మలు, రెండూ దాదాపు సమానం కాబట్టి చార నత్తనడక నడుస్తుంది. నాలుగు డయోడ్ల రెక్టిఫయర్ (ఏసీని డీసీ చేసేది) తర్వాత మిగిలే అల 100 హెర్ట్జ్, అందుకే బొమ్మకి రెండు చారలు. అదే 60 హెర్ట్జ్ ఆటలో అయితే చారలు గబగబా పరుగెడతాయి. చార పాకుతుంటే కరెంటు వైపు వెతకండి, కదలకుండా నిలబడితే వీడియో వైపు.

అడాప్టర్ విప్పితే ట్రాన్స్‌ఫార్మర్, నాలుగు డయోడ్లు, ఒక 1000 మైక్రోఫారడ్ కెపాసిటర్, నెత్తి ఉబ్బి ఉంది. కన్సోల్ ఆన్‌లో ఉండగా మల్టీమీటర్ ఏసీలో పెట్టి డీసీ వైర్ల మీద చూస్తే 1.1 వోల్టు. 2200 మైక్రోఫారడ్, 25 వోల్టులది వేశాక 0.12. చారలు తొంభై పాళ్లు పోయాయి.

మిగిలిన పది పాళ్ల గురించి చెప్పాలంటే గోపాల్‌పూర్ సముద్రం దాకా వెళ్లాలి. ఇక్కడి గాలిలో ఉప్పుంటుంది, తెరిచిపెట్టిన ఇత్తడి, రాగి ఏదైనా కొన్నేళ్లకి ఆకుపచ్చగా మారుతుంది. కన్సోల్ వెనక పసుపు సాకెట్‌ని టార్చి వేసి చూస్తే బయటి వలయం లోపలి అంచున సన్నగా పచ్చని పెచ్చు, గోరుతో గీకితే పొడి రాలింది. పైకి మెరుస్తూనే ఉంది, కేబుల్ బిగుతుగానే పడుతోంది. కానీ వలయం నుంచి బోర్డు గ్రౌండ్‌కి కొలిస్తే 4.2 ఓమ్‌లు. సాకెట్ మార్చాక 0.3. గ్రౌండ్‌లో నాలుగు ఓమ్‌లంటే చిన్నదిగా కనిపిస్తుంది, 75 ఓమ్‌ల లైనులో అది మోతకీ చారకీ దారి తెరిచినట్టే.

కేసెట్ పిన్నులకి కూడా ఇదే జబ్బు. నోటితో ఊదడం మానేయండి, ఉమ్మి తడి తుప్పుకి ఆహారం. మొబైల్ రిపేరు వాళ్లు వాడే ఐపీఏ (ఐసోప్రొపైల్ ఆల్కహాల్) సీసా రూ. 90, ఇయర్‌బడ్‌తో తుడిచి ఆరనివ్వాలి.

ఇంకో చిన్న హెచ్చరిక. మెగా డ్రైవ్ 1 అడాప్టర్‌కి నడిమి పిన్ను నెగటివ్, 2కి పాజిటివ్. షాపులో 'సెగా అడాప్టర్' అని ఒకటే ఇస్తారు, మీటరు పెట్టి చూడకుండా గుచ్చొద్దు.

ఖర్చు: కెపాసిటర్ 20, ఐపీఏ 90, సాకెట్లు 40, కలిపి రూ. 150. మొత్తం: రూ. 1,460.

దశ 4: రూ. 550 డబ్బా

ఏవీ టు హెచ్‌డీఎంఐ అని అగ్గిపెట్టెకి కాస్త పెద్ద డబ్బా అందరి దగ్గరా కనిపిస్తుంది. దీని గురించి పొట్టిగా ముగిస్తాను. హెచ్‌డీఎంఐలో వస్తుంది కాబట్టి టీవీ గేమ్ మోడ్ పనిచేసింది, ఆలస్యం 13 ఫ్రేములకి, అంటే 54 మిల్లీసెకన్లకి దిగింది. ఇంతవరకు లాభమే. కానీ ఇదీ 288పీని ఇంటర్‌లేస్ అనుకుంటుంది, కాబట్టి కాంట్రా దువ్వెన అలాగే ఉంది. బొమ్మని 16:9కి సాగదీసి పంపుతుంది. నా టీవీ హెచ్‌డీఎంఐలో 4:3 ఎంచుకోనిస్తుంది కనుక బతికిపోయాను, మీది ఒప్పుకోకపోతే సాగిన బొమ్మతోనే ఆడాలి. పక్కనున్న 720, 1080 స్విచ్చి వల్ల నాకు కంటికి తేడా కనిపించలేదు. టీవీ వెనక యూఎస్‌బీ నుంచి కరెంటిస్తే బొమ్మలో చిన్న చిన్న మెరుపులు, ఫోను చార్జర్ నుంచి ఇస్తే లేవు.

ఖర్చు: రూ. 550. మొత్తం: రూ. 2,010.

దశ 5: మెగా డ్రైవ్ నుంచి ఆర్‌జీబీ తీయడం

కాంపోజిట్ వైరులో వెలుగు, రంగు రెండూ ఒకే తీగలో కలిసి వస్తాయి, అవతల విడదీయడం ఎప్పుడూ పూర్తిగా కుదరదు. అక్షరాల అంచుల్లో చీమలు పాకినట్టు కనిపించేది అదే. మెగా డ్రైవ్ అదృష్టం ఏంటంటే లోపలి నుంచే ఎరుపు, ఆకుపచ్చ, నీలం వేర్వేరు పిన్నుల్లో బయటికి వస్తాయి, ఆర్‌జీబీ అంటే అదే. కన్సోల్ విప్పనే అక్కర్లేదు, కేబుల్ ఉంటే చాలు.

ఆ కేబులే సమస్య. పాత ఏవీ కేబుల్ కోసి ప్లగ్గు వాడుకుందామని చూస్తే లోపల కాంపోజిట్‌కి, ఆడియోకి, గ్రౌండ్‌కి తప్ప మిగతా పిన్నులు అసలు పెట్టనే లేదు, డబ్బు మిగుల్చుకున్నారు. 9 పిన్నుల మినీ డిన్ ప్లగ్గు బరంపురంలో ఏ షాపులోనూ లేదు, కంప్యూటర్ మౌస్‌ది ఇస్తామన్నారు, దానికి ఆరే పిన్నులు. ఆన్‌లైన్‌లో రెండు తెప్పించాను, రూ. 240. మెగా డ్రైవ్ 1 అయితే 8 పిన్నుల పెద్ద డిన్ ప్లగ్గు, పిన్నుల పటమూ వేరు.

వైరు మాత్రం చౌకగా పడింది. పాత మానిటర్ల వీజీఏ కేబుల్, రెండు కొసలా నల్లటి గుండు ఉండే లావుపాటిది తీసుకోండి. అందులో మూడు రంగులకీ మూడు విడివిడి కోయాక్సియల్ తీగలుంటాయి, ఒక్కోటి 75 ఓమ్‌లు, మనకి సరిగ్గా కావాల్సింది అదే. సన్నటి వీజీఏ కేబుళ్లలో ఉత్త తీగలే, అవి వద్దు. కంప్యూటర్ స్క్రాప్ షాపులో రూ. 50.

1. వీజీఏ కేబుల్ ఒక కొస కోసి, మూడు కోయాక్సియల్‌లని, సింక్ తీగని (గీత, బొమ్మ ఎక్కడ మొదలవ్వాలో చెప్పే సిగ్నల్‌ది, 13వ పిన్ను నుంచి వచ్చేది) మీటరుతో గుర్తుపట్టాలి.
2. ప్రతి రంగు లైనులో ఒక 220 మైక్రోఫారడ్ కెపాసిటర్ పెట్టాలి. కన్సోల్ ఆన్ చేసి పిన్ను దగ్గర డీసీ వోల్టేజి చూడండి, ఎక్కువున్న వైపు ప్లస్.
3. సోల్డర్ చేసేటప్పుడు ప్లగ్గుని పాత సాకెట్ దేన్లోనైనా గుచ్చి ఉంచాలి. లేకపోతే వేడికి ప్లాస్టిక్ మెత్తబడి పిన్నులు ఒరిగిపోతాయి, ఇక ఎందులోనూ పట్టవు.
4. కోయాక్సియల్ చుట్టూ ఉండే అల్లిక తీగని కోసేయకండి, మూడింటివీ కలిపి గ్రౌండ్ పిన్నుకి, అంటే ప్లగ్గు బయటి రేకుకి అతకాలి.

సింక్ ముందు కాంపోజిట్ పిన్ను నుంచి తీసుకున్నాను, అందులోనూ సింక్ ఉంటుంది కదా అని. తెర ఒక్కసారిగా నలుపు నుంచి తెలుపుకి మారితే బొమ్మ పై అంచు వంగిపోయేది. మెగా డ్రైవ్‌కి విడిగా కాంపోజిట్ సింక్ పిన్ను ఉంది, దానికి మార్చాక నిటారుగా నిలబడింది.

ఖర్చు: రూ. 330 (కెపాసిటర్లకి 40 కలిపి). మొత్తం: రూ. 2,340.

దశ 6: జీబీఎస్-8200

ఆర్‌జీబీ తీశాం సరే, ఎందులో గుచ్చాలి? టీవీలో ఆ దారి లేదు. ఓఎస్‌ఎస్‌సీ అని ఒక పెట్టె ఉంది, వచ్చిన గీతని వచ్చినట్టే రెండింతలు, నాలుగింతలు చేసి పంపుతుంది, ఆలస్యం దాదాపు సున్నా. కానీ ఇంటర్‌లేస్ బొమ్మని అది ఊపుతూ చూపిస్తుంది, ప్లేస్టేషన్ 2 ఆటలు ఎక్కువ ఇంటర్‌లేసే. రెండింటికీ ఒకే బోర్డు కావాలి కాబట్టి జీబీఎస్-8200 తీసుకున్నాను. ఆర్కేడ్ మెషీన్ల కోసం చేసిన చైనా బోర్డు, రూ. 2,100. దాని మీదున్న ప్రోగ్రాం పరమ దండగ, ఇదీ 240పీని ఇంటర్‌లేస్ అనుకునే బాపతే. అయితే చిప్పు మంచిది, దాన్ని సరిగా నడిపించే జీబీఎస్-కంట్రోల్ అనే ఉచిత ఫర్మ్‌వేర్ ఉంది. అది ఈఎస్‌పీ8266 అనే ఒక చిన్న వైఫై బోర్డులో (నాది డీ1 మినీ, రూ. 260) కూర్చుని జీబీఎస్‌కి ఆజ్ఞలిస్తుంది.

1. జీబీఎస్ మీద పీ8 దగ్గర జంపర్ పెట్టాలి, దాంతో పాత ప్రాసెసర్ నోరు మూసుకుంటుంది.
2. ఈఎస్‌పీ బోర్డు పిన్నుల్లో డీ1ని జీబీఎస్ మీది ఎస్‌సీఎల్‌కి, డీ2ని ఎస్‌డీఏకి, డీ6ని డీబగ్ పాయింటుకి కలపాలి. డీబగ్ పాయింటు ఆవగింజంత ఉంటుంది, సన్న మొన ఉన్న ఐరన్ వాడండి.
3. 5 వోల్టులు, గ్రౌండ్ రెండు బోర్డులకీ ఒకే అడాప్టర్ నుంచి.
4. ఆర్డుయినో ప్రోగ్రాంతో ఫర్మ్‌వేర్ ఎక్కించి, ఫోను బ్రౌజర్‌లో సెట్టింగులు మార్చుకోవచ్చు.

మొదట బొమ్మ మీద చీర అంచు జరీలా సన్నటి అల. ఈసారి నేరుగా అడాప్టర్‌నే అనుమానించాను, ఊరికే వచ్చిన 5 వోల్టుల చార్జర్ తీసేసి రూ. 250 పెట్టి 2 ఆంపియర్లది మంచిది కొంటే అల పోయింది.

రంగులు మరీ వెలిసిపోయినట్టుంటే ఇన్‌పుట్ దగ్గరున్న మూడు ప్రీసెట్లు (స్క్రూడ్రైవర్‌తో తిప్పే చిన్న రెసిస్టర్లు) తిప్పాలి. టెస్ట్ సూట్‌లో రంగుల పట్టీ పెట్టి, చివరి రెండు గడులు వేర్వేరుగా కనబడేదాకా మూడింటినీ ఒకేలా తగ్గించాను, తర్వాత తెల్ల తెర మీద చూసి నీలం కాస్త దిద్దాను. కంటిచూపు కంటే మీటరు నయం: తిప్పాక మూడింటి ఓమ్‌లూ ఒకటేనా అని చూసుకోండి.

అసలు తలనొప్పి అవుట్‌పుట్ వైపు. బోర్డు ఇచ్చేది వీజీఏ, దాన్ని హెచ్‌డీఎంఐ చేసే తోక (రూ. 420) తగిలించాలి. బొమ్మలు చిరగకుండా ఫ్రేము వేగాన్ని కన్సోల్‌తో కట్టేసే ఆప్షన్ పెడితే, ఉన్నట్టుండి సెకను పాటు తెర నల్లబడుతోంది. తోక మార్చి చూశాను, పక్కింటివాళ్ల దగ్గర తెచ్చిందీ అంతే. కారణం బోర్డు తన క్లాకుని (పనికి లయ ఇచ్చే సిగ్నల్) కుదుపుతూ సరిచేయడం, హెచ్‌డీఎంఐ వైపు ఆ కుదుపు పడదు. ఎస్‌ఐ5351 అనే క్లాకు బోర్డు (రూ. 380) పెడితే క్లాకే నున్నగా మారుతుంది. చిప్పు కాలికి వైరు అతకడం దీంట్లో కష్టమైన పని, చేయి వణికేవాళ్లు మొబైల్ రిపేరు కుర్రాళ్ల చేత చేయించుకోండి, వాళ్ల దగ్గర మైక్రోస్కోపు ఉంటుంది. పెట్టాక నల్లబడటం ఆగింది.

రిజల్యూషన్ సంగతి. 960పీ పెడదామనుకున్నాను, 1280 వెడల్పు, 960 ఎత్తు, అచ్చం 4:3. పాల్ మెగా డ్రైవ్ 50 హెర్ట్జ్ కదా, ఆ రిజల్యూషన్‌లో 50ని నా టీవీ ఒప్పుకోలేదు, ఫార్మాట్ సపోర్ట్ లేదంది. 50ని బలవంతంగా 60 చేసే ఆప్షన్ ఉంది కానీ, ప్రతి ఐదు బొమ్మలకీ ఒకటి రెండుసార్లు చూపించాలి, తెర పక్కకి జరిగేటప్పుడు కుంటుతున్నట్టుంటుంది. 720పీలో 50 హెర్ట్జ్ టీవీ ప్రసారాల ఫార్మాటే కాబట్టి దాన్ని మారు మాట్లాడకుండా తీసుకుంది. అదే ఉంచాను.

మెగా డ్రైవ్ ఆర్‌జీబీ, జీబీఎస్, 720పీ, గేమ్ మోడ్: 7 ఫ్రేములు, 29 మిల్లీసెకన్లు. ఈ కొలతకి స్ప్లిటర్ అక్కర్లేదు, కన్సోల్ ఆర్‌జీబీ ఇస్తూనే కాంపోజిట్ కూడా ఇస్తుంది, దాన్ని డబ్బా టీవీకి పెట్టుకోవచ్చు.

మిణుకు సక్రమంగా మిణుకుమంటోంది. అక్షరాల అంచుల్లో చీమలు లేవు. అయితే కాంపోజిట్ మసకలో కలిసిపోయి పారదర్శకంగా కనిపించే సోనిక్ జలపాతం ఇప్పుడు ఉత్త నిలువు గీతలైపోయింది. ఆ బొమ్మలు గీసినవాళ్లు మసకని లెక్కలో పెట్టుకునే గీశారు. నాకు అక్షరాలు ముఖ్యం కాబట్టి ఆర్‌జీబీ వైపే ఉన్నాను, మీకు జలపాతం ముఖ్యమైతే డబ్బా టీవీకి మించింది లేదు.

ఖర్చు: రూ. 3,410. మొత్తం: రూ. 5,750.

దశ 7: ప్లేస్టేషన్ 2

రెండు దారులు చూశాను. ఒకటి, కన్సోల్ వెనక గుచ్చే చిన్న హెచ్‌డీఎంఐ తోక, రూ. 590. ఇది స్కేలింగ్ చేయదు, ఉన్న బొమ్మని డిజిటల్ చేసి పంపుతుందంతే. 480ఐ ఆటలు వచ్చాయి, రంగులు శుభ్రంగా ఉన్నాయి. ప్లేస్టేషన్ 1 డిస్కు పెట్టగానే నో సిగ్నల్. అది 240పీ, నా టీవీ హెచ్‌డీఎంఐలో దాన్ని గుర్తించదు. ప్లేస్టేషన్ 1 డిస్కులు లేనివాళ్లకి ఈ తోక చాలు, నిజం చెప్పాలంటే చాలామందికి చాలు.

రెండోది కాంపోనెంట్ కేబుల్ (వెలుగు, రంగు మూడు వేర్వేరు వైర్లలో పంపేది), రూ. 650, జీబీఎస్ కాంపోనెంట్ ఇన్‌పుట్‌కి.

1. ముందు మామూలు ఏవీ కేబుల్‌తో ఆన్ చేసి, సిస్టమ్ కాన్ఫిగరేషన్‌లో కాంపోనెంట్ వీడియో అవుట్‌ని ఆర్‌జీబీ నుంచి వై సీబీ/పీబీ సీఆర్/పీఆర్‌కి మార్చాలి.
2. తర్వాతే కాంపోనెంట్ కేబుల్ పెట్టాలి. ఇది మర్చిపోతే రంగులు అడ్డదిడ్డంగా వస్తాయి, కేబుల్ పాడైందనుకుని వెనక్కి పంపకండి.
3. డిస్కు మొదట్లో 50 హెర్ట్జ్, 60 హెర్ట్జ్ అని అడిగితే 60 ఎంచుకోండి. ఆట వేగం పెరుగుతుంది, పైగా 960పీ కూడా దొరుకుతుంది.

ఇంటర్‌లేస్‌ని జీబీఎస్ కదలికని బట్టి అల్లుతుంది, నిలకడగా ఉన్న చోట గీతలు కలుపుతుంది, కదిలే చోట విడదీస్తుంది. మెనూల్లో కొంచెం వణుకు ఉంది, ఆట మధ్యలో కనబడదు. ప్లేస్టేషన్ 1 డిస్కులు కూడా ఇందులో వచ్చాయి, ఆట నుంచి 480ఐ మెనూకి మారేటప్పుడు మాత్రం తెర ఒకటి రెండు సెకన్లు నల్లబడుతుంది.

ఖర్చు: రూ. 1,240. మొత్తం: రూ. 6,990. ఇందులో ఇప్పుడు వాడకంలో లేనివి మొదటి కేబుల్ 120, దశ 4 డబ్బా 550, హెచ్‌డీఎంఐ తోక 590, కలిపి రూ. 1,260.

ఇప్పుడు ఎలా ఉంది

మెగా డ్రైవ్, ప్లేస్టేషన్ 2 జీబీఎస్ ద్వారా ఎల్‌ఈడీకి. ఫామికామ్ నకలుకి కాంపోజిట్ తప్ప వేరే దారి లేదు, దానికి కొత్త టీవీలో ఎంత చేసినా డబ్బా టీవీ బొమ్మ రాలేదు, కాబట్టి అది రూ. 800 టీవీతోనే ఉంది. మేనల్లుడు ఆడేది దాని మీదే.

మిగిలిన పనులు: మెగా డ్రైవ్ ఆర్‌జీబీలో నీలం ఆకాశం వచ్చినప్పుడు సన్నటి నిలువు నీడలు కనిపిస్తున్నాయి, ఈ కన్సోల్‌కి తెలిసిన జబ్బే, బోర్డు విప్పాలి. దాంతోపాటు 50/60 స్విచ్చి కూడా పెట్టేస్తాను, ఆర్‌జీబీలో రంగుల క్యారియర్ (కాంపోజిట్‌లో రంగుని మోసే అల) గొడవ లేదు కాబట్టి 60కి మార్చినా రంగులు పోవు, ఆట ఇప్పుడున్న 17 శాతం నిదానం వదిలించుకుంటుంది. జీబీఎస్ బోర్డుకి పెట్టె ఇంకా లేదు, ఉప్పుగాలికి తెరిచే ఉంది. ఆ పని ముందు.